తడిగుడ్డలో చుట్టిన కొమ్మ

పోయిన సంక్రాంతి సెలవుల్లో మా గుమ్మంలో ఒక అట్టపెట్టె దిగింది. చెప్పుల జత పట్టేంత ఉంటుంది. నాలుగు పక్కలా బాణం గుర్తులు, గాలాడటానికి చిల్లులు. మా మనవరాలు దాన్ని పురిటిబిడ్డను ఎత్తుకున్నట్టు రెండు చేతులా లోపలికి తెచ్చి బల్ల మీద పెట్టింది. టేపు ఊడదీస్తే థర్మోకోలు, దాని కింద దూది, దూది కింద ప్లాస్టిక్ కాయితం, అందులో తడి నాచు. ఇన్ని విప్పితే చివరికి బయటపడ్డది మూడంటే మూడు ఆకుల మొక్క. నల్లబారిన ఆకుపచ్చ మీద ఎవరో వసంతం చల్లినట్టు గులాబిరంగు మరకలు. ఒక ఆకైతే కొలిచి గీసినట్టు సగం పచ్చ, సగం గులాబి.

"ఎంత పెట్టావమ్మా?" అన్నాను.

"తిట్టనంటే చెప్తా తాతయ్యా."

తిట్టనన్నాను. రెండువేల ఎనిమిది వందలట. కొరియర్ ఖర్చు మళ్లీ వేరే.

మాట ఇచ్చాను గనక తిట్టలేదు. లెక్క కట్టాను. ఆకు ఒక్కింటికి 933 రూపాయలు. 1979లో నేను ఉప్పల్ రోడ్డులో ఉద్యోగంలో చేరినప్పుడు నెలంతా పనిచేస్తే చేతికొచ్చిన జీతం ఆ ఒక్క ఆకుకు సరిపోదు.

మొక్క పేరు పింక్ ప్రిన్సెస్ అట. ఫిలోడెండ్రాన్ జాతి, వీటి పుట్టిల్లు దక్షిణ అమెరికా అడవులు. రాకుమారి గారు వచ్చిన దగ్గర్నుంచి మా ఇంట్లో మర్యాదలు మారిపోయాయి. ఆవిడ నెత్తిన ఒక ప్రత్యేకమైన దీపం. పక్కన ఆవిరి చిమ్మే యంత్రం. ఎండాకాలం ఏసీ వేసుకోమంటే కరెంటు బిల్లు గుర్తొచ్చే ఇంట్లో, ఆకు అంచు ఎండకూడదని పగలూ రాత్రీ ఆవిరి. మట్టి కూడా మట్టి కాదు. తెల్లటి పెర్లైటు పలుకులు, బొగ్గు ముక్కలు, కోకోపీటు. ఆ కోకోపీటు ఇటుక పొట్లం మీద ధర చూసి నాకు నవ్వాగలేదు. మాది రావులపాలెం దగ్గర పల్లె. నా చిన్నప్పుడు కొబ్బరి పీచు మిల్లుల పక్కన ఆ పొట్టు కొండల్లా పడి ఉండేది. పట్టుకుపోయే వాడు లేక తగలబెట్టేవాళ్లు. రోజుల తరబడి పొగ. ఇప్పుడు అదే పొట్టును ఇటుకలా నొక్కి, కాయితం చుట్టి, నా మనవరాలికి నా ఊరి చెత్తనే అమ్మారు.

మా రోజుల్లో హబ్సిగూడ ఇలా ఉండేది కాదు. ఈ మాట అనగానే ఇంట్లో వాళ్లు లేచి వెళ్లిపోతారు. మీరు పాఠకులు, కాసేపు కూర్చోక తప్పదు. హబ్షీ సైనికులు ఉండిన చోటు గనక ఆ పేరు వచ్చిందంటారు. నేను వచ్చేనాటికి హబ్షీలు లేరు, అపార్ట్‌మెంట్లూ లేవు. తార్నాక దాటితే ఊరు పలచబడేది. ఎన్‌జీఆర్‌ఐ 1961 నుంచీ ఉంది. సీసీఎంబీ ఆవరణ 1987లో రాజీవ్ గాంధీ చేతుల మీదుగా మొదలైంది. ఆ పరిశోధన సంస్థల్లో పనిచేసేవాళ్లు, నాచారం ఫ్యాక్టరీల్లో పనిచేసేవాళ్లు రెండొందల గజాలు కొనుక్కుని, ముందు రెండు గదులు లేపుకుని, గోడలకు సున్నం వేసే డబ్బు లేకపోయినా గేటు పక్కన మాత్రం క్రోటన్లు నాటేవాళ్లు. వీధులకు పేర్లు పెట్టే ఓపిక ఎవరికీ లేదు, నంబర్లు వేసుకున్నారు. క్రోటన్లను బట్టి ఇళ్లు గుర్తుపట్టేవాళ్లం. మెలికల ఆకుల వాళ్లిల్లు, పసుపు చుక్కల వాళ్లిల్లు, ఎర్ర ఈనెల వాళ్లిల్లు.

క్రోటన్ అన్న పేరు కూడా అసలుది కాదని తర్వాత తెలిసింది. మా వీధి చివర వృక్షశాస్త్రం చదువుకున్న పెద్దమనిషి ఒకాయన ఉండేవారు. "అసలు క్రోటన్ మన నేపాళం అండీ, విరేచనాల మందు. మీ గేటు పక్కన ఉన్నది కోడియం. అది ఆగ్నేయాసియా, పసిఫిక్ దీవుల నుంచి వచ్చింది. పేరు మాత్రం నేపాళానిది తగిలించుకుంది" అన్నారు. అప్పట్నుంచి మా ఆవిడ దాని పాలు చేతికంటితే రెండుసార్లు కడుక్కునేది.

ఆ క్రోటన్లలో ఒక్కదాన్నీ కొన్న పాపాన పోలేదు. మృగశిర కార్తె వచ్చి తొలకరి పడిందంటే చాలు, వీధిలో ఆడవాళ్లందరి కళ్లూ పక్కవాళ్ల గోడల మీదే. ఎదురింటావిడ నల్గొండ వైపు మనిషి. గేటు దగ్గర నిలబడి, "వదినా, గా రంగుల చెట్టు మంచిగుంది, ఒక కొమ్మ ఇయ్యరాదూ" అనేది. వేలు లావు కొమ్మ, ఏటవాలుగా ఒక్క కోత. కారే పాలు ఆగడానికి కోతకు పొయ్యి బూడిద అద్ది, తడిగుడ్డలో చుట్టి ఇవ్వడం. ఊరికే పుచ్చుకోకూడదని ఆవిడ మర్నాడు ఇంకో కొమ్మ పట్టుకొచ్చేది. మా ఇంట్లో ఒక్కటిగా మొదలైన క్రోటన్ మూడేళ్లలో పదకొండు రకాలైంది. ఖర్చు సున్నా. పాత చీర ముక్కల్ని లెక్కలోకి తీసుకుంటే ఒక చీర.

మనీప్లాంటు సంగతి వేరే. దాన్ని అడిగి తెచ్చుకుంటే డబ్బు నిలవదని, ఎత్తుకొస్తేనే కలిసొస్తుందని ఒక నమ్మకం. శుక్రవారం పేరంటానికి వచ్చిన ముత్తైదువలు తాంబూలంతో పాటు రెండు గణుపులు తుంచి కొంగులో దోపుకుపోయేవాళ్లు. చూసీ చూడనట్టు ఊరుకోవడం ఇంటావిడ మర్యాద. నేనూ ఒక ఆఫీసు మెట్ల కింద నుంచి ఒక తీగ తెంపుకొచ్చాను, ఆ ఆఫీసు పేరు చెప్పను. ఖాళీ హార్లిక్స్ సీసాలో నీళ్లు పోసి పెడితే ఇల్లంతా పాకింది. డబ్బు మాత్రం పాకలేదు. అయినా ఆ తీగ ఎక్కడిదో తెలుసా? తాహితీ పక్కన మూరియా అనే చిన్న దీవి దాని సొంత ఊరు. దానికి పూత పూయించే హార్మోను తయారయ్యే చోటే లోపం ఉందని 2016లో తేల్చారు. పువ్వు లేదు, గింజ లేదు. లోకంలో ఇన్ని కోట్ల ఇళ్లలో ఉందంటే అంతా తుంచి ఇచ్చిన గణుపుల పుణ్యమే. ఎత్తుకుపోయిన గణుపులది కూడా.

మా చుట్టుపక్కల పేర్లలోనూ తోటలే. నాచారంలో ఎన్టీ రామారావు గారి స్టూడియో పేరు రామకృష్ణా హార్టికల్చరల్ సినీ స్టూడియోస్. సినిమా తీసే చోటికి తోట పేరు పెట్టుకున్న రోజులవి. ఉప్పల్‌లో బగాయత్ అని ఒక చోటు ఉంది. బాగ్ అంటే తోట గదా, బగాయత్ అంటే తోటల భూములని అర్థం. మూసీ ఒడ్డున అటూ ఇటూ పశువుల గడ్డి, తోటకూర, గోంగూర, పాలకూర పండేవి. అక్కణ్ణుంచి సైకిళ్ల మీద వచ్చే ఎర్ర తోటకూర కట్ట విప్పితే ఒకే ఆకులో ఎరుపు, పచ్చ, నడుమ ఊదా. ఆ రంగు చూసి మురిసిపోయి దీపం పెట్టిన వాళ్లు లేరు, పప్పులో వేసుకున్నాం. 2019లో బగాయత్ ప్లాట్లను వేలం వేశారు. ఇప్పుడు తోట పేరు లేఅవుటు కాయితంలో ఉంది.

ఇంతకూ నా ఫిర్యాదు ధర గురించి మాత్రమే కాదు. రాకుమారి గారి ఆకులో ఆ గులాబి, ఇంకొన్ని రకాల్లో ఉండే తెలుపు, ఏమిటనుకుంటున్నారు? పత్రహరితం లేని చోటు. అంటే ఆకు తన తిండి తాను వండుకోలేని చోటు. మా ఊళ్లో వరి నారుమడిలో లేతాకు తెల్లబడితే మా నాన్న తిండి సహించక తిరిగేవాడు. ఇనుము చాలలేదురా అని, అన్నభేదిలో కాస్త నిమ్మ ఉప్పు కలిపి చల్లించేవాడు. మినుములో, పెసరలో ఆకు మీద పసుపు మచ్చలు కనబడితే పల్లాకు తెగులు. తెల్లదోమ మోసుకొచ్చే వైరస్ అది. ఆ మొక్కను వెంటనే పీకి దూరంగా పారేయాలి, లేకపోతే చేనంతా పోతుంది. ఆకు పచ్చదనం పోతే రైతు గుండె పోయేది. ఇప్పుడు ఆకులో పచ్చదనం ఎంత తక్కువుంటే ధర అంత ఎక్కువ. మా నాన్న ఉంటే నా మనవరాలిని పక్కన కూర్చోబెట్టుకుని, "అమ్మా, దానికి అన్నభేది వేశావా?" అని అడిగి ఉండేవాడు.

న్యాయంగా చెప్పాలంటే రాకుమారిది వైరస్ కాదు, ఇనుము లోపమూ కాదు. చిగురు మొనలో ఉండే కణాల పొరల్లో కొన్ని పత్రహరితం చేయడం మానేశాయి. ఒకే మొక్కలో రెండు రకాల కణాలు పొత్తు కాపురం చేస్తాయి. గులాబి కణాలు వంటింటికి రావు, పచ్చ కణాలు వండి పెడితే తింటాయి. ఆకులన్నీ గులాబి అయిపోతే వండేవాళ్లు లేక మొక్క చస్తుంది. పచ్చవాటికి బలం ఎక్కువ గనక, వదిలేస్తే అవే పైచేయి అయి మొక్కంతా మామూలు పచ్చగా తిరుగుతుంది. ఉమ్మడి కుటుంబంలో పుట్టినవాణ్ణి గనక ఇది నాకు ఒక్కసారికే అర్థమైంది.

దీనికన్నా మోసం ఇంకోటుంది, పింక్ కాంగో అని. నిగనిగలాడే గులాబి ఆకులు, రాకుమారి కన్నా అందం. ఆ రంగు మొక్కది కాదు. పండ్లు మగ్గడానికి కారణమయ్యే ఇథిలీన్ ఉంది చూశారూ, ఆ తరహా మందు పట్టిస్తే కొత్తాకులు కొన్ని నెలలు గులాబిగా వస్తాయి. కొన్నవాళ్ల ఇంటికి చేరాక మందు దిగిపోయి పచ్చబడతాయి. కార్బైడు వేసి మామిడికాయల్ని మగ్గబెట్టే వాణ్ణి తిట్టే మనం, ఈ మొక్కను మాత్రం ముద్దుగా ఫొటో తీసుకున్నాం.

లాక్‌డౌన్లో జనం ఇళ్లలో కూర్చుని గోడలు చూడలేక ఆకులు చూడటం మొదలుపెట్టారు. 2021 జూన్‌లో న్యూజిలాండ్‌లో ఒక వేలంలో, తెల్ల మచ్చల తీగ మొక్క ఒకటి, నిండా పది ఆకులు కూడా లేనిది, 27,100 న్యూజిలాండ్ డాలర్లకు పోయింది. మన డబ్బుల్లో పద్నాలుగు లక్షలు. నేను ఇల్లు కట్టిన రోజుల్లో ఆ డబ్బుతో మా వీధిలో ఒక వరుస ఇళ్లన్నీ లేచేవి. ఇక్కడ అమ్మేవాళ్లు "థాయ్‌లాండ్ నుంచి తెప్పించాం" అని గొప్పగా రాసుకుంటారు. తెప్పించడానికి 2003 నాటి ప్లాంట్ క్వారంటైన్ ఉత్తర్వు ఒకటి ఉంది. దిగుమతి అనుమతి కావాలి, తెగుళ్లు లేవని ఆ దేశం ఇచ్చిన ధ్రువపత్రం కావాలి. ఆ కాయితం చూపించమని మనవరాలితో ఒక అమ్మకందారును అడిగించాను. ఆయన మా పిల్లను మొక్కలమ్మే గ్రూపులోంచి తీసేశాడు.

పెట్టెలో ఒక చీటీ కూడా వచ్చింది. ఈ మొక్క గదిలో గాలిని శుద్ధి చేస్తుందట. 1989లో నాసా వాళ్లు మూసిన పెట్టెల్లో మొక్కలు పెట్టి చేసిన ప్రయోగం అది. మామూలు ఇంట్లో కిటికీ తెరిస్తే వచ్చే ఫలితం మొక్కల నుంచి రావాలంటే చదరపు మీటరుకు పది నుంచి వెయ్యి మొక్కలు కావాలని 2019లో లెక్క తేల్చారు. హబ్సిగూడ చౌరస్తాలో సాయంత్రం ఆరింటికి కిటికీ తెరిస్తే ఏమొస్తుందన్నది ఆ లెక్కలో లేదనుకోండి, అది నా సొంత బాధ.

అన్నీ తిడుతున్నానని అనుకోకండి. మలేషియా అడవుల్లో ఒక బెగోనియా ఉంది, చీకటి నీడలో నెమలి పింఛంలా నీలంగా మెరుస్తుంది. ఆకులోని సన్నటి పొరలు వెలుతురును అలా తిప్పుతాయి. ఆ కాస్త వెలుగులో ఇంకాస్త తిండి వండుకోవడానికే ఆ ఏర్పాటు అని 2016లో ఇంగ్లండు శాస్త్రవేత్తలు చూపించారు. బతకడానికి తెచ్చుకున్న రంగు అది. దానికి దండం పెడతాను, కొనను.

ఇక 2020 అక్టోబరు సంగతి చెప్పాలి. పదమూడో తారీకు రాత్రి మొదలైన వాన. రామంతాపూర్ వైపు చెరువు పొంగి మా కాలనీల మీద పడింది. ఎనిమిదో నంబరు వీధి, రవీంద్రనగర్, ఎటు చూసినా నడుము లోతు నీళ్లు. మేం మేడ మీద ఉండిపోయాం. కింద నా కుండీలు ఒక్కొక్కటే గేటు మీదుగా తేలుకుంటూ వెళ్లిపోవడం పైనుంచి చూశాను. కలేడియం దుంపలు, కోలియస్ (మన వామాకుకు చుట్టం లెండి), పదకొండు క్రోటన్లలో ఎనిమిది. నీళ్లు తీశాక గోడ పక్కన నేలలో పాతినవి మూడు మిగిలాయి. వాటికీ ఆకు లేదు, బురద పట్టిన కర్రల్లా నిలబడ్డాయి. మా ఆవిడ పోయి అప్పటికి రెండేళ్లు. ఆ మొక్కల్లో సగం ఆవిడ చీర ముక్కల్లో చుట్టుకుని వచ్చినవే.

దసరా వెళ్లాక ఒకరోజు ఎదురింటావిడ కొడుకు వచ్చాడు. వాళ్లమ్మ కూడా లేదిప్పుడు. హెచ్‌ఎంటీ నగర్‌కు మారిపోయి పదిహేనేళ్లయింది. చేతిలో తడి గోనెసంచి ముక్క. "అంకుల్, అమ్మ మీ దగ్గర తీసుకున్న చెట్టే. మాది కొంచెం ఎత్తు మీద ఉండె, నీళ్లు రాలే" అన్నాడు. మెలికల ఆకుల క్రోటన్. తర్వాత తార్నాక నుంచి ఒకరు, నాచారం నుంచి ఇద్దరు. ఎప్పుడో ఇచ్చి మర్చిపోయిన కొమ్మలు. ఆ ఏడాది పోకముందే, మిగిలిన మూడుతో కలిపి, నా దగ్గర మళ్లీ ఏడు రకాలయ్యాయి. మిగతావి నేను ఎవరికీ ఇవ్వలేదు కాబోలు, రాలేదు.

సరే, రాకుమారి దగ్గరికి వస్తాను. మార్చి చివర్లో కొత్తాకు విచ్చుకుంది. పూర్తి పచ్చ. తర్వాతిదీ పచ్చే. మనవరాలు రెండు రోజులు సరిగ్గా అన్నం తినలేదు. "రంగు పోయింది తాతయ్యా, పైసలు దండగ" అంది. నాకు లోపల కొంత సంతోషం కలిగిన మాట నిజం, దాచను. కానీ పిల్ల మొహం చూసి కళ్లద్దాలు పెట్టుకుని కాడ తిప్పి చూశాను. కింద నుంచి రెండో గణుపు దగ్గర కాడ మీద సన్నటి గులాబి చార ఉంది.

"ఆ గణుపుకు పైన కోసెయ్యాలమ్మా" అన్నాను.

"కోస్తే చచ్చిపోతే?"

"క్రోటన్లు కోసి కోసి బతికించిన చేతులివి."

తాను కొయ్యలేకపోయింది. నేనే బ్లేడు కడిగి కోశాను. కింద ముక్క కుండీలోనే ఉంది. పై ముక్కను, రెండు పచ్చాకులున్న దాన్ని, హార్లిక్స్ సీసాలో నీళ్లలో పెట్టాను. నెల దాటాక కింది గణుపులోంచి చిగురు లేచింది. చుట్ట విప్పుతూ ఉంటే దాని వీపు మీద గులాబి గీత. అప్పట్నుంచి పొద్దున్న కాఫీ తాగక ముందే నేను ఆ కుండీ దగ్గర నిలబడుతున్నానని ఇంట్లో నన్ను ఆటపట్టిస్తున్నారు. ఆవిరి యంత్రంలో నీళ్లు అయిపోతే నింపేది కూడా నేనే.

సీసాలో ముక్కకు వేళ్లు వచ్చాయి. మనవరాలు దాన్ని ఐదొందలకు అమ్ముదామంది, పేరు గొప్పదే గదా అని. నేను దాన్ని మా వాచ్‌మన్ కూతురికి ఇచ్చాను, ఎనిమిదో తరగతి, బొమ్మలేస్తుంది. గులాబి వస్తుందో రాదో చెప్పలేనమ్మా అన్నాను. వచ్చినా రాకపోయినా దానికి ఫరవాలేదట. ఒక పాత ఆయిల్ డబ్బాలో ఎర్రమట్టి, పెంట ఎరువు కలిపి పెట్టుకుంది. కోకోపీటు లేదు, దీపం లేదు. జూలైలో నాలుగో ఆకు వేసింది. పచ్చటిదే.

నా దగ్గర క్రోటన్లు ఇప్పుడు తొమ్మిది రకాలు. పసుపు చుక్కలది, ఎర్ర ఈనెలది గుబురుగా పెరిగి గోడ దాటి రోడ్డు మీదికి వంగుతున్నాయి, ఎలాగూ కొట్టాలి. తొలకరి తర్వాత ఎవరైనా హబ్సిగూడ వైపు వస్తే వీధిలో క్రోటన్ల ముసలాయన ఎక్కడని అడగండి, చూపిస్తారు. డబ్బు తేవద్దు. ఒక తడిగుడ్డ తెచ్చుకోండి, మా ఇంట్లో పాత చీరలు అయిపోయాయి.